వంటింటి రంగుల కొవ్వొత్తి

కరెంటు పోయిందంటే ఒకప్పుడు ప్రతి ఇంట్లో మొదట వినిపించే ప్రశ్న... 'కొవ్వొత్తి ఎక్కడ పెట్టారు?' ఆ తర్వాత చీకట్లో తడుములాట, అగ్గిపెట్టె కోసం కేకలు. ఇప్పుడా సీను మారిపోయింది. హిమాయత్‌నగర్ అపార్ట్‌మెంట్లలో ఇన్వర్టర్లూ జనరేటర్లూ ఆ పని చూసుకుంటున్నాయి. అయినా కొవ్వొత్తి ఇల్లు వదిలి వెళ్లలేదు. అవసరం నుంచి అలంకారానికి మారిందంతే. దీపావళికి గుమ్మం ముందు, క్రిస్మస్‌కు పశువులపాక పక్కన, పుట్టినరోజుకు కేకు మీద, పెళ్లిరోజుకు భోజనాల బల్ల మీద... రంగురంగుల్లో వెలుగుతోంది.

మరి ఆ రంగు ఎక్కడిది? బజారులో దొరికే కొవ్వొత్తుల్లో ఎక్కువ భాగం పెట్రోలియం నుంచి వచ్చే పారఫిన్‌తో చేసినవి. వాటి రంగులూ కర్మాగారాల్లో తయారైనవే. ఇంట్లో చంటిపిల్లలో, ఉబ్బసం ఉన్న పెద్దవాళ్లో ఉన్నప్పుడు, తలుపులు మూసిన గదిలో కాలేది ఏమిటన్న ఆలోచన రావడం సహజం. అందుకే కొందరు తేనెమైనంతో సొంతంగా కొవ్వొత్తులు పోసుకోవాలని సరదా పడుతున్నారు. మైనం దొరుకుతుంది, వత్తి దొరుకుతుంది. చిక్కంతా రంగు దగ్గరే. బీట్‌రూట్ రసం పోస్తే మైనంలో కలవదు. కుంకుమ వేస్తే అడుగున పేరుకుంటుంది. పాలకూర పచ్చగా వేస్తే ముదురు గోధుమరంగులో తేలుతుంది. వంటింట్లో ఇన్ని రంగులున్నాయి కదా, ఒక్కటీ పనికిరాదా? వస్తాయి. ఏది ఎందుకు వస్తుందో తెలిస్తే చాలు.

పేరులోనే కొవ్వు

కొవ్వొత్తి అన్న మాటలోనే దాని చరిత్ర ఉంది. కొవ్వు, వత్తి కలిస్తే కొవ్వొత్తి. పారఫిన్ రాకముందు ఐరోపాలో మామూలు జనం పశువుల కొవ్వుతో చేసిన వత్తులే వెలిగించేవారు. అవి పొగ చిమ్మేవి, కమురు వాసన వేసేవి. తేనెమైనంతో చేసినవి కమ్మగా, శుభ్రంగా వెలిగేవి కానీ ఖరీదు. అందుకే అవి రాజుల కోటలకూ చర్చిలకూ పరిమితమయ్యాయి. ఈస్టర్ రాత్రి కేథలిక్ చర్చిల్లో వెలిగించే పెద్ద కొవ్వొత్తిని తేనెమైనంతో చేయడం శతాబ్దాల ఆనవాయితీ. మన దగ్గర నూనె దీపమే ఇంటి వెలుగు కాబట్టి మైనం ఆ పాత్ర పోషించలేదు.

అలాగని తెలుగువాళ్లకు మైనం కొత్తేమీ కాదు. ఆదిలాబాద్ జిల్లా ఓజా కళాకారులు ఇత్తడి బొమ్మలు పోత పోయడానికి ముందు మైనపు తీగలతోనే ఆకారం అల్లుతారు. కోరమాండల్ తీరంలో అద్దకపు పనివారు గుడ్డకు నీలిమందు పట్టించేటప్పుడు, నీలం అంటకూడదనుకున్న చోట కరిగించిన మైనం పూసేవారు. నీలిమందు తొట్టిలో ముంచినా మైనం పూసిన చోట చుక్క రంగు ఎక్కదు.

ఆసక్తికరమైన విషయం ఇక్కడే ఉంది. రంగును దగ్గరకు రానివ్వకపోవడమే మైనం గుణం. అద్దకంలో పనికొచ్చిన ఆ గుణమే కొవ్వొత్తి చేసేటప్పుడు అడ్డు తగులుతుంది. నీళ్లలో కరిగే రంగు దేన్నీ మైనం తనలోకి రానివ్వదు.

నూనెలో తేలేదే మైనంలో కలుస్తుంది

పులుసు గిన్నెను ఒక్కసారి గుర్తుచేసుకోండి. పైన తేలే నూనె పసుప్పచ్చగానో ఎర్రగానో ఉంటుంది. పసుపులో రంగు, మిరపకాయలో ఎరుపు నూనెలోకి దిగుతాయి కాబట్టే ఆ మెరుపు. అదే బీట్‌రూట్ వేపుడు చేస్తే నూనెకు రంగు పెద్దగా అంటదు, నీళ్లు మాత్రం ఎర్రబడతాయి. కొవ్వొత్తి రంగుకూ ఇదే పరీక్ష. వేడి నూనెలో రంగు దిగే దినుసు మైనంలోనూ దిగుతుంది. నీళ్లలో మాత్రమే దిగేది దిగదు.

ఈ లెక్కన బీట్‌రూట్, మందార, శంఖపుష్పం, హోలీకి తెలంగాణ పల్లెల్లో నీళ్లలో కాచే మోదుగుపూలు... ఇవన్నీ పక్కన పెట్టాల్సిందే. పైగా వాటి రసం వేడి మైనంలో పోస్తే నీరు ఒక్కసారిగా ఆవిరై చిటచిటమని మైనాన్ని మొహం మీదికి చిమ్ముతుంది. కాగిన నూనెలో నీళ్లు పడ్డట్టే.

పనికొచ్చేవి ఏమిటో చూద్దాం.

జాఫ్రా గింజలు: నారింజ రంగుకు వీటిని మించింది లేదు. విశాఖ మన్యంలో పండే ఈ గింజల మీది ఎర్రటి పొర నూనెలో ఇట్టే కరుగుతుంది. వెన్నకూ జున్నుకూ రంగు తేవడానికి ప్రపంచమంతా వాడేది దీన్నే. పావుకిలో మైనానికి రెండు చెంచాల గింజలు వేస్తే మంచి నారింజ, ఒక చెంచా వేస్తే లేత బంగారు రంగు వస్తాయి.

పసుపు: తేనెమైనం ఎలాగూ పచ్చగానే ఉంటుంది. అర చెంచా పసుపు ఆ పచ్చదనాన్ని నిండుగా చేస్తుంది. అయితే పసుపు రంగు వెలుతురుకు తట్టుకోదు. కిటికీ దగ్గర పెట్టిన కొవ్వొత్తి కొద్ది రోజుల్లోనే వెలిసిపోతుంది. పసుపు గుడ్డ ఎండలో ఆరేస్తే జరిగేదే ఇక్కడా జరుగుతుంది.

రతన్‌జోత్: ఎండిన వేరు. యునానీ, ఆయుర్వేద మూలికలమ్మే దుకాణాల్లో అడిగితే ఇస్తారు. తలనూనెలకు ఎరుపు తేవడానికి, కాశ్మీరీ మాంసం కూరలకు రంగు రావడానికి వాడతారు. నీళ్లలో వేస్తే పెద్దగా కదలదు, వేడి నూనెలో వేస్తే మాత్రం క్షణాల్లో ఎర్రని రంగు దిగుతుంది. తెల్లబరిచిన మైనంలో గులాబీ ఊదా కలిసిన ఛాయ, పచ్చని మైనంలో ముదురు ఇటుక రంగు ఇస్తుంది.

ఆకుపచ్చ: ఇది కాస్త మొండిది. ఆకుల్లోని పచ్చదనం నూనెలో దిగుతుంది కానీ వేడికి నిలవదు. గోంగూర ఉడికేకొద్దీ ఏమవుతుందో తెలిసిందేగా! ఎండిన పాలకూర పొడో, గోరింటాకు పొడో వాడితే లేత ఆలివ్ రంగుతో సరిపెట్టుకోవాలి.

నీలిమందు: ఇది నీళ్లలోనూ కరగదు, మైనంలోనూ కరగదు. మెత్తటి పొడిగా తేలి, కాసేపటికి అడుక్కి దిగుతుంది. చిటికెడు వేసి బాగా కలిపితే పచ్చని మైనంలో నీలం ఆకుపచ్చగా కనిపిస్తుంది. నిండు నీలం కావాలంటే మైనాన్ని ముందు తెల్లబరచాలి.

ఇక మిరపకాయ సంగతి. రంగు బ్రహ్మాండంగా దిగుతుంది, నిజమే. దాంతోపాటు ఘాటూ దిగుతుంది. పోపులో ఎండుమిర్చి మాడితే ఇంటిల్లిపాదీ దగ్గే దేశం మనది. కొవ్వొత్తిలో ఆ ప్రయోగం వద్దు.

ఏటికొప్పాక చెప్పే పాఠం

నీరంటే గిట్టని పదార్థానికి ప్రకృతి రంగులు పట్టించే విద్య తెలుగునాట ఒక ఊరికి బాగా తెలుసు. అనకాపల్లి జిల్లాలో వరాహ నది ఒడ్డున ఉన్న ఏటికొప్పాక అది. అక్కడ వాడేది మైనం కాదు, లక్క. కానీ రెండూ పురుగుల కష్టమే. మైనం తేనెటీగది, లక్క లక్కపురుగుది. రెండూ వేడికి కరుగుతాయి. రెండూ నీటిని దగ్గరకు రానివ్వవు.

అంకుడు కర్రను తరిణె మీద తిప్పుతూ, రంగు కలిపిన లక్క కడ్డీని దానికి ఆనిస్తారు. రాపిడి వేడికి లక్క కరిగి కర్రకు అంటుకుంటుంది. మొగలి ఆకుతో రుద్దితే అద్దంలా మెరుస్తుంది. ఒకప్పుడు ఆ రంగులన్నీ చెట్టూ చేమల నుంచి వచ్చేవి. చౌకగా, కంటికి కొట్టొచ్చేలా ఉండే రసాయన రంగులు వచ్చాక పాత పద్ధతి మరుగున పడింది. పిల్లలు నోట్లో పెట్టుకునే బొమ్మలకు ఏ రంగు పూస్తున్నామన్న ప్రశ్న తర్వాత మొదలైంది. సి.వి.రాజు కళాకారులను కలుపుకొని పసుపు, జాఫ్రా, నీలిమందు లాంటి వాటితో మళ్లీ రంగులు తీశారు. దశాబ్దాల శ్రమకు గుర్తింపుగా 2017లో ఏటికొప్పాక బొమ్మలకు భౌగోళిక గుర్తింపు దక్కింది. 2023లో సి.వి.రాజును కేంద్రం పద్మశ్రీతో గౌరవించింది.

కొవ్వొత్తి పోసేవారికి ఇందులో ఒక పాఠమూ ఉంది, ఒక తేడా కూడా ఉంది. పాఠమేమంటే, పదార్థానికి తగిన రంగును ఎంచుకుంటే ప్రకృతి రంగులూ నిలుస్తాయి. తేడా ఏమంటే, బొమ్మ మీద లక్కలో రంగు పొడి ఉండిపోయినా ఇబ్బంది లేదు. కొవ్వొత్తిలో మాత్రం ఆ పొడే శత్రువు. వత్తి కరిగిన మైనాన్ని పైకి పీల్చుకుంటేనే మంట నిలుస్తుంది. పసుపు పొడో, నీలిమందు పొడో ఆ దారుల్లో చేరితే మైనం పైకి రాదు. మంట చిన్నబోతుంది, చిటపటలాడుతుంది, చివరికి ఆరిపోతుంది. అందుకే రంగు మైనంలోకి దిగాలి, దినుసు మాత్రం బయటికి రావాలి.

పోసే పద్ధతి

ముందు మైనం. పాత తుట్టె నుంచి తీసిన మైనం ముదురు గోధుమరంగులో ఉంటుంది. దాని మీద ఏ రంగూ కనబడదు. లేత పసుపు రంగు మైనమైతే మంచిది. ఇంకా లేతగా కావాలంటే పాతకాలపు చిట్కా ఉంది. పలుచని రేకుల్లా తురిమి, తెల్లని గుడ్డ మీద పరిచి, అప్పుడప్పుడూ కాసిని నీళ్లు చల్లి తిరగేస్తూ ఎండలో ఉంచితే రోజులు గడిచేకొద్దీ తెల్లబడుతుంది. మన ఎండలు ఇందుకు ఎంతైనా సాయం చేస్తాయి. కాకపోతే నడివేసవి మధ్యాహ్నం రేకులు మెత్తబడి అంటుకుపోతాయి, ఉదయపు ఎండ చాలు.

మైనాన్ని నేరుగా మంట మీద పెట్టకూడదు. పెద్ద గిన్నెలో నీళ్లు మరిగించి, అందులో మైనమున్న స్టీలు గిన్నె ఉంచాలి. ఇనుము, రాగి పాత్రలు వద్దు, మైనం రంగు చెడుతుంది. తేనెమైనం 62 నుంచి 64 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరుగుతుంది. 85 డిగ్రీలు దాటితే రంగు, వాసన పాడవుతాయి. కాబట్టి నీళ్లు తెర్లకుండా సన్నని సెగ సరిపోతుంది.

జాఫ్రా గింజలో, రతన్‌జోత్ ముక్కలో పలుచని నూలు గుడ్డలో వదులుగా మూటకట్టి కరిగిన మైనంలో వేయాలి. మూటలో తడి అసలు ఉండకూడదు. అరగంట నుంచి ముప్పావుగంట అలాగే ఉంచి, మధ్యమధ్య చెంచాతో నొక్కితే రంగు దిగుతుంది. పసుపులాంటి పొడులైతే నేరుగా కలిపి, అరగంట తర్వాత కదపకుండా పది నిమిషాలు వదిలేయాలి. మడ్డి అడుక్కి దిగుతుంది. పైన తేరుకున్న మైనాన్ని మాత్రం గుడ్డలో వడగట్టుకోవాలి.

రంగు సరిపోయిందో లేదో గిన్నెలో చూసి చెప్పలేం. కరిగిన మైనంలో ముదురుగా కనిపించేది గడ్డకట్టాక లేతబడుతుంది. తెల్లని పింగాణీ పళ్లెం మీద ఒక చుక్క వేసి ఆరనిచ్చి చూడాలి. చాలకపోతే మూటను మళ్లీ వేయాలి.

ఇప్పుడు వత్తి. దీపారాధనకు చేతితో చేసే పత్తి వత్తి కొవ్వొత్తికి కుదరదు. జడలా అల్లిన నూలు వత్తి కావాలి. అల్లిన వత్తి కాలేకొద్దీ పక్కకు వంగి, మంట అంచున తానే బూడిదైపోతుంది. పంతొమ్మిదో శతాబ్దంలో అల్లిన వత్తులు వచ్చేదాకా జనం కూర్చుని కత్తెరతో మసి కత్తిరించుకునేవారు. తేనెమైనం కరిగాక పారఫిన్ కన్నా చిక్కగా ఉంటుంది కాబట్టి వత్తి కాస్త లావుగా ఉండాలి.

వత్తిని ముందు మైనంలో ముంచి నిటారుగా ఆరబెట్టి, అచ్చు మధ్యలో నిలబెట్టాలి. పైన అడ్డంగా రెండు పుల్లలు పెట్టి పట్టు ఇస్తే సరి. అచ్చుగా పలుచగా నూనె రాసిన స్టీలు గ్లాసు చాలు. లేదంటే మట్టి ప్రమిదలో నేరుగా పోస్తే తీసే పనే ఉండదు. మైనం గట్టిపడేటప్పుడు కుంచించుకుని మధ్యలో గుంట పడుతుంది. కొంచెం మైనం అట్టిపెట్టుకుని రెండోసారి నింపాలి. ఫ్యాను కిందో ఫ్రిజ్‌లోనో పెట్టి తొందరపడితే పగుళ్లొస్తాయి.

నీలిమందు మీద మనసుపడ్డవారికి ఒక దారి ఉంది. ముందు రంగులేని కొవ్వొత్తి పోసుకోవాలి. ఆరాక దాన్ని నీలిమందు కలిపిన మైనంలో ఒకటి రెండుసార్లు ముంచి తీయాలి. రంగు పైపొరలోనే ఉంటుంది, వత్తికి చేరేది తక్కువ.

'సహజం' అన్నదల్లా మంచిదేనా?

ఇక్కడే జాగ్రత్త అవసరం. భూమిలోంచి వచ్చిన ప్రతి రంగూ ఇంట్లో కాల్చదగ్గది కాదు. ఇంగిలీకం సహజమైనదే, అందులో ఉండేది పాదరసం. సింధూరం పేరుతో వచ్చే కొన్ని రకాల్లో సీసం ఉంటుంది. పూజ దుకాణాల్లో దొరికే కుంకుమల్లో ఏ రంగు కలిసిందో పైకి తెలియదు. వీటిలో ఏదీ కొవ్వొత్తిలో వేయకూడదు. పంతొమ్మిదో శతాబ్దంలో ఐరోపాలో ఆకుపచ్చ కొవ్వొత్తులకు ఆర్సెనిక్ కలిసిన రంగు, ఎర్రవాటికి ఇంగిలీకం వాడి, వెలిగించిన గదుల్లోకి విషం వదిలిన చరిత్ర ఉంది. వత్తి నిలబడటానికి మధ్యలో సీసపు తీగ పెట్టడాన్ని అమెరికా నిషేధించింది 2003లో!

తేనెమైనపు కొవ్వొత్తి గాలిని శుభ్రం చేస్తుందనే ప్రచారమూ ఉంది. దానికి గట్టి ఆధారమేమీ లేదు. ఏ కొవ్వొత్తి అయినా మంటే, ఎంతో కొంత పొగ తప్పదు. వత్తిని పావు అంగుళానికి కత్తిరించి, గాలి విసురు లేని చోట వెలిగిస్తే మసి తగ్గుతుంది. ఉబ్బసం ఉన్నవారి గదిలో అసలు వెలిగించకపోవడమే మేలు.

ప్రతి రేకు వెనుకా...

మైనం అంత తేలిగ్గా పుట్టేది కాదు. పన్నెండు నుంచి పద్దెనిమిది రోజుల వయసున్న కూలీ ఈగల పొట్ట కింద ఎనిమిది గ్రంథులుంటాయి. వాటిలోంచి సన్నని రేకులుగా మైనం వస్తుంది. ఈగ దాన్ని నమిలి మెత్తబరిచి ఆరు పలకల గదులు కడుతుంది. కిలో మైనం తయారుకావాలంటే ఈగలు ఆరు నుంచి ఎనిమిది కిలోల తేనె తినాల్సి ఉంటుందని తేనెటీగల పెంపకందారులు లెక్క చెబుతారు.

అడవి తేనె వెనుక మనుషుల కష్టం ఇంకొకటి. తుట్టెను మొత్తంగా కోసేస్తే పిల్ల ఈగలు చచ్చిపోతాయి, మరుసటి ఏడాదికి ఆ చెట్టు బోసిపోతుంది. పెద్ద తేనెటీగల పట్టులో తేనె ఒక మూలన పైభాగంలో ఉంటుంది. ఆ ముక్కను మాత్రమే కోసి మిగతాది వదిలేసే పద్ధతిని విశాఖ కేంద్రంగా పనిచేసే కోవెల్ ఫౌండేషన్ లాంటి సంస్థలు గిరిజనులకు నేర్పాయి. 1956లో ఏర్పడిన గిరిజన సహకార సంస్థ అడవి బిడ్డల దగ్గర తేనెలాంటి అటవీ ఉత్పత్తులు కొంటూ వస్తోంది. తేనె పిండుకున్నాక పారేసే తుట్టెకు గిరాకీ ఉంటే తీసినవారికి ఇంకో నాలుగు డబ్బులు మిగులుతాయి. అందుకే అసలు మైనాన్ని గుర్తుపట్టి కొనడం ముఖ్యం. పారఫిన్ కలిపినది చేతికి జిడ్డుగా, నున్నగా తగులుతుంది. అసలుది విరిస్తే ముక్క గరుకుగా విరుగుతుంది, అరచేతి వేడికి మెత్తబడుతుంది, తేనె వాసన వేస్తుంది. చేసిన కొవ్వొత్తి మీద కొన్నాళ్లకు తెల్లటి బూడిదలాంటి పొర కడితే పాడైందని కంగారుపడకండి. తేనెమైనానికి అది మామూలే. మెత్తటి గుడ్డతో తుడిస్తే మళ్లీ మెరుస్తుంది.

హిమాయత్‌నగర్ నుంచి బేగంబజార్ ఎంతో దూరం లేదు. ఒక సంచి పట్టుకుని వెళ్తే మూలికల కొట్లో రతన్‌జోత్, కిరాణా కొట్లో పసుపు దొరుకుతాయి. మిగతాది ఓ ఆదివారం మధ్యాహ్నం, కాస్త ఓపిక. అచ్చమైన ఎరుపో, కళ్లు చెదిరే నీలమో రాదు. ఏ రెండూ ఒకేలా ఉండవు. కానీ వెలిగించిన రాత్రి 'ఇందులో ఏం వేశారు?' అని పిల్లలడిగితే, ప్రతి దినుసు పేరూ చెప్పగలుగుతారు.

ఇవి మరచిపోవద్దు

* మైనం కరిగేటప్పుడు పొయ్యి వదిలి వెళ్లకండి. అడుగు గిన్నెలో నీళ్లు ఇంకిపోకుండా చూసుకోండి.

* మైనానికి మంట అంటుకుంటే నీళ్లు పోయకూడదు. పొయ్యి ఆపేసి, మూత పెట్టి ఊపిరాడకుండా చేయాలి. అందుకే సరిపడే మూత ముందే పక్కన ఉంచుకోండి.

* వేడి మైనం చర్మం మీద పడితే లాగకండి. చల్లని కుళాయి నీటి కింద ఇరవై నిమిషాలు ఉంచి, బొబ్బ పెద్దదైతే డాక్టరును కలవండి.

* మిగిలిన మైనాన్ని సింకులో పారబోయకండి. గొట్టంలో గడ్డకట్టి మూసేస్తుంది. కాగితపు కప్పులో పోసి ఆరబెడితే మళ్లీ వాడుకోవచ్చు.

* మైనానికి వాడిన గిన్నె, చెంచా మళ్లీ వంటకు వాడకండి.

* చిన్నపిల్లలకు మూట కట్టడం, గింజలు లెక్కపెట్టడం, చుక్క పరీక్ష చూడటం అప్పగించండి. పోసే పని మాత్రం పెద్దలదే.

* పూర్తయిన కొవ్వొత్తులను ఎండ తగలని చోట, కాగితంలో చుట్టి దాచండి. రంగు ఎక్కువ కాలం నిలుస్తుంది.